ఎవరికీ అక్కర్లేదు, అయినా మెమరీలోనే

పొద్దున షాపు తెరిచినప్పుడు కంప్యూటర్‌లో ప్రోగ్రామ్ చకచకా నడుస్తుంది. మధ్యాహ్నానికి మందగిస్తుంది. సాయంత్రం గిరాకీ పెరిగే వేళకి తెర మీద గిర్రున తిరిగే చక్రం తప్ప ఏదీ కదలదు. సాఫ్ట్‌వేర్ ఇచ్చినవాళ్లకి ఫోన్ చేస్తే వచ్చే జవాబు ఎక్కడైనా ఒకటే: "ఒకసారి మూసేసి మళ్లీ ఓపెన్ చేయండి సార్." అలా చేస్తే నిజంగానే బాగవుతుంది. మర్నాడు మళ్లీ అదే వరస.

మూసి తెరిస్తే తగ్గే జబ్బుకి చాలాసార్లు మూలం ఒక్కటే. ప్రోగ్రామ్ తీసుకున్నదాన్ని తిరిగి ఇవ్వడం లేదు. అది మెమరీ కావచ్చు, తెరిచిన ఫైళ్లు కావచ్చు, డేటాబేస్ కనెక్షన్లు కావచ్చు. ప్రోగ్రామ్ మూతపడగానే ఆపరేటింగ్ సిస్టమ్ వాటన్నిటినీ వెనక్కి లాక్కుంటుంది కాబట్టి లెక్క మళ్లీ సున్నా నుంచి మొదలవుతుంది.

కానీ జావా, సీ షార్ప్ లాంటి భాషల్లో రాసిన ప్రోగ్రాముల్లో వాడి వదిలేసిన మెమరీని ఏరి తెచ్చే ఏర్పాటు ముందే ఉంటుంది. దాని పేరు గార్బేజ్ కలెక్టర్. అది రోజంతా పనిచేస్తూనే ఉన్నా మెమరీ నిండిపోతోందంటే, ప్రోగ్రామ్‌లో ఏదో ఒక చోట ఎవరో పాత వస్తువుల్ని పట్టుకుని వదలడం లేదని అనుకుంటాం. ఎక్కువసార్లు అదే నిజం. ఒక్కోసారి మాత్రం ఎంత వెతికినా పట్టుకున్నవాళ్లెవరూ దొరకరు. గార్బేజ్ కలెక్టర్ కూడా "ఇవి ఎవరికీ అక్కర్లేదు" అని తేల్చేసింది. అయినా అవి గంటల తరబడి మెమరీలోనే ఉంటాయి. అవి ఎందుకు ఆగిపోతాయో, డీబగ్గర్‌తో వాటిని ఎలా పట్టుకుని చూడాలో తెలుసుకుంటే సగం రోజు పట్టే వెతుకులాట అరగంటలో తేలిపోతుంది.

ఏది చెత్త, ఏది కాదు

ప్రోగ్రామ్ నడుస్తున్నంతసేపూ మెమరీలో ఆబ్జెక్టులు పుడుతూనే ఉంటాయి. ఒక బిల్లు ఒక ఆబ్జెక్ట్. అందులో ఒక్కో వరసా ఒక ఆబ్జెక్ట్. కొన్నవారి పేరు ఇంకొకటి. సీ, సీ ప్లస్ ప్లస్ భాషల్లో పని అయ్యాక వాటిని తీసేసే బాధ్యత చాలావరకు ప్రోగ్రామ్ రాసినవారిదే. మర్చిపోతే మెమరీ నిండుతుంది. తొందరపడి ముందే తీసేస్తే ప్రోగ్రామ్ కూలిపోతుంది. ఈ బాధ్యతను మనిషి మీద నుంచి తప్పించే పద్ధతిని జాన్ మెకార్థీ లిస్ప్ భాష కోసం రూపొందించి, 1960లో అచ్చయిన పత్రంలో వివరించారు. అప్పటి యంత్రం ఐబీఎం 704. ఈ రోజు మన ఫోన్లలోనూ, బ్యాంకు సర్వర్లలోనూ నడిచే గార్బేజ్ కలెక్టర్లకు మూలం అక్కడే ఉంది.

పద్ధతి వినడానికి తేలిక. ప్రోగ్రామ్ ఈ క్షణంలో నేరుగా వాడుతున్న వాటిని రూట్లు అంటారు. ప్రస్తుతం నడుస్తున్న ఫంక్షన్లలోని వేరియబుల్స్, ప్రోగ్రామ్ మొత్తానికీ ఉమ్మడిగా ఉండే స్టాటిక్ వేరియబుల్స్ రూట్ల కిందికి వస్తాయి. కలెక్టర్ ఈ రూట్ల దగ్గర మొదలుపెట్టి, ఒక ఆబ్జెక్ట్ నుంచి అది చూపే ఇంకో ఆబ్జెక్ట్‌కి, అక్కడి నుంచి మరో దానికి వెళ్తుంది. అలా చేరుకోగలిగినవన్నీ బతికున్నట్టు లెక్క. చేరుకోలేనిది ఏదైనా చెత్తే.

ప్రతిసారీ మెమరీ అంతా వెతకడం భారం. చాలా ఆబ్జెక్టులు పుట్టిన కాసేపటికే అక్కర్లేకుండా పోతాయన్న గమనికను ఆధారం చేసుకుని 1980ల్లో తరాలవారీ కలెక్టర్లు వచ్చాయి. డేవిడ్ అంగర్ 1984లో రాసిన పత్రం వాటిలో బాగా పేరున్నది. సీ షార్ప్ ప్రోగ్రాములు నడిచే మైక్రోసాఫ్ట్ డాట్‌నెట్‌లో ఈ తరాలు జనరేషన్ 0, 1, 2 అని మూడు. కొత్తవి 0లో పుడతాయి. కలెక్టర్ ఒకసారి వచ్చి వెళ్లాక మిగిలినవి 1కి, ఆపైన 2కి చేరతాయి. 0ని కలెక్టర్ తరచుగా చూస్తుంది, 2ని అరుదుగా. అంటే పొరపాటున 2లోకి చేరిన చెత్త చాలాసేపు అక్కడే పడి ఉంటుంది. మన కథలో ఈ సంగతికి పెద్ద పాత్ర ఉంది.

కలెక్టర్‌కి కనిపించని బరువు

గార్బేజ్ కలెక్టర్‌కి తెలిసిందల్లా తన కింద ఉన్న మెమరీ ఒక్కటే. కొన్ని ఆబ్జెక్టులు దాని ఏలుబడిలో లేని వాటిని కూడా పట్టుకుని ఉంటాయి. తెరిచిన ఫైలు, నెట్‌వర్క్ కనెక్షన్, ప్రింటర్, బొమ్మ తాలూకు పిక్సెళ్లు. ఇవి ఆపరేటింగ్ సిస్టమ్ ఇచ్చినవి, వాటిని తిరిగి దానికే అప్పజెప్పాలి.

ఒక ఫొటో లెక్క చూడండి. 12 మెగాపిక్సెల్ ఫొటో అంటే అడ్డంగా 4,000, నిలువుగా 3,000 పిక్సెళ్లు. తెరవగానే ఒక్కో పిక్సెల్‌కి 4 బైట్ల చొప్పున 4 కోట్ల 80 లక్షల బైట్లు, అంటే 48 ఎంబీ అవుతుంది. డాట్‌నెట్‌లో ఆ ఫొటోకి ప్రతినిధిగా ఉండే బిట్‌మ్యాప్ ఆబ్జెక్ట్ మాత్రం కొన్ని పదుల బైట్లే. పిక్సెళ్లు కలెక్టర్ పరిధి బయట ఉంటాయి. వంద ఫొటోలు తెరిస్తే కలెక్టర్ కంటికి కనిపించేది కొన్ని వేల బైట్లు, అసలు ఖర్చు 4.8 జీబీ. తన లెక్క ప్రకారం మెమరీ బోలెడు ఖాళీగా ఉంది కాబట్టి తొందరపడి ఏరాల్సిన అవసరం దానికి కనిపించదు. పాత 32 బిట్ ప్రోగ్రామ్ అయితే దానికి దొరికే మామూలు హద్దు 2 జీబీ. నలభై ఫొటోలతోనే ఊపిరాడదు.

బయటి వస్తువుల్ని తిరిగి అప్పజెప్పడానికి ఆబ్జెక్ట్‌లో రాసిపెట్టే ఆఖరి పనినే ఫైనలైజర్ అంటారు. ఆబ్జెక్ట్ చెత్తగా తేలాక, దాని మెమరీ తీసుకునే ముందు, ఈ పని జరగాలి. ఒకవేళ ప్రోగ్రామ్ రాసినవారు ఫైల్ మూయడం మర్చిపోయినా ఫైనలైజర్ మూస్తుందన్నది దీని ఉద్దేశం. భద్రత కోసం పెట్టిన ఈ ఏర్పాటే ఒక్కోసారి చిక్కుముడి అవుతుంది.

నో డ్యూస్ కౌంటర్

డిగ్రీ ఆఖరి పరీక్ష రాసేసిన విద్యార్థిని ఊహించుకోండి. ఇక ఏ హాజరు పట్టీలోనూ అతని పేరు పిలవరు. అయినా టీసీ చేతికి రావాలంటే నో డ్యూస్ కావాలి. లైబ్రరీ పుస్తకాలు ఇచ్చాడా, ల్యాబ్ బకాయి ఉందా, హాస్టల్ గది తాళం అప్పజెప్పాడా అన్నవి తేలేదాకా అతని పేరు రిజిస్టర్‌లోనే ఉంటుంది, గదీ అతని పేరు మీదే ఉంటుంది. కాలేజీ మొత్తానికీ ఈ కౌంటర్లో గుమస్తా ఒక్కరే.

డాట్‌నెట్‌లో జరిగేది దాదాపు ఇదే. ఫైనలైజర్ ఉన్న ఆబ్జెక్ట్ పుట్టిన క్షణంలోనే దాని పేరు ఫైనలైజేషన్ క్యూ అనే జాబితాకెక్కుతుంది. అడ్మిషన్ రోజునే రిజిస్టర్‌లో పేరు రాసినట్టన్నమాట. తర్వాత ఎప్పుడో కలెక్టర్ వచ్చి ఆ ఆబ్జెక్ట్‌ని ఎవరూ వాడటం లేదని గమనిస్తుంది. మామూలు ఆబ్జెక్ట్ అయితే దాని మెమరీ అప్పుడే తీసేసుకునేది. దీని పేరు జాబితాలో ఉంది కాబట్టి అలా చేయదు. పేరును మొదటి జాబితా నుంచి తీసి, ఆఖరి పనికి సిద్ధంగా ఉన్నవాటి రెండో జాబితాలోకి మారుస్తుంది. కౌంటర్ ముందు వరసలో నిలబెడుతుందన్నమాట.

ఇక్కడ గమనించాల్సింది ఉంది. ఆ రెండో జాబితా కూడా ఒక రూట్ కిందే లెక్క. ఆఖరి పని చేసేటప్పుడు ఆబ్జెక్ట్ చెక్కు చెదరకుండా ఉండాలి కదా. అందుకని చెత్తగా తేలిన ఆబ్జెక్ట్ మళ్లీ "బతికున్న" లెక్కలోకి వచ్చేస్తుంది. అది ఒక్కటే కాదు, అది చూపే ఆబ్జెక్టులు, అవి చూపేవి, మొత్తం కుటుంబం మిగిలిపోతుంది. అలా మిగిలినవన్నీ పై జనరేషన్‌కి వెళ్తాయి. 0లో పుట్టి 0లోనే పోవాల్సినవి 1కి, 2కి ఎక్కి కూర్చుంటాయి.

గుమస్తా స్థానంలో ఉన్నది ఫైనలైజర్ థ్రెడ్, అంటే ప్రోగ్రామ్‌లో విడిగా నడిచే ఒక పని పాయ. ప్రోగ్రామ్ ఎంత పెద్దదైనా, కంప్యూటర్‌లో ఎన్ని కోర్లు ఉన్నా డాట్‌నెట్‌లో ఈ థ్రెడ్ ఒక్కటే. ఒక్కో ఆబ్జెక్ట్‌నీ పిలిచి దాని ఆఖరి పని పూర్తి చేయిస్తుంది. పని పూర్తయిన ఆబ్జెక్ట్ మెమరీ అయినా వెంటనే ఖాళీ కాదు. కలెక్టర్ ఆ జనరేషన్‌ని మళ్లీ చూసినప్పుడే అవుతుంది. అంటే కనీసం రెండు విడతల కలెక్షన్ కావాలి, మధ్యలో ఫైనలైజర్ థ్రెడ్‌కి తీరిక దొరకాలి. ఆ థ్రెడ్ ఏ ఒక్క ఆబ్జెక్ట్ దగ్గరైనా ఇరుక్కుందా, వెనక ఉన్న వరసంతా కదలకుండా ఆగిపోతుంది. మెమరీ నిండుతూనే ఉంటుంది. వాటిని పట్టుకున్నవాళ్లెవరని వెతికితే ఎవరూ కనిపించరు.

[బాక్స్] ఫైనలైజర్ ఉన్న ఆబ్జెక్ట్ నాలుగు స్థితులు

*వాడుకలో ఉంది.* రూట్ల నుంచి చేరుకోవచ్చు. పేరు మొదటి జాబితాలో ఉంది. ఏ సమస్యా లేదు.

*వదిలేశారు, ఇంకా తెలియదు.* ప్రోగ్రామ్ దాన్ని మర్చిపోయింది. కలెక్టర్ ఆ జనరేషన్ వైపు ఇంకా రాలేదు. పేరు ఇంకా మొదటి జాబితాలోనే.

*తేలింది, వరసలో ఉంది.* కలెక్టర్ గుర్తించి రెండో జాబితాకి మార్చింది. ఫైనలైజర్ థ్రెడ్ కోసం ఎదురుచూపు.

*ఆఖరి పని అయింది.* ఏ జాబితాలోనూ లేదు. కలెక్టర్ మళ్లీ వచ్చేదాకా మెమరీలో ఉంటుంది.

ఆగిన క్షణాన్ని చదవడం

నడుస్తున్న ప్రోగ్రామ్‌లో ఇవన్నీ క్షణక్షణానికీ మారుతుంటాయి. అందుకే ముందు దాని మెమరీ మొత్తాన్ని ఉన్నది ఉన్నట్టుగా ఒక ఫైలులోకి దించుకుంటారు. దాన్ని మెమరీ డంప్ అంటారు. విండోస్‌లో విన్‌డీబగ్ డీబగ్గర్, దానికి తోడుగా డాట్‌నెట్ ఆబ్జెక్టుల్ని అర్థం చేసుకునే ఎస్‌ఓఎస్ అనే అనుబంధం చాలాకాలంగా ఉన్నాయి. లినక్స్ మీద నడిచే కొత్త డాట్‌నెట్ ప్రోగ్రాములకి డాట్‌నెట్-డంప్ అనే పనిముట్టు ఉంది. ఆదేశాలు దాదాపు అవే.

ఒక జాగ్రత్త ముందే చెప్పాలి. పూర్తి డంప్ అంటే ఆ క్షణంలో మెమరీలో ఉన్న ప్రతి అక్షరం. కస్టమర్ల ఫోన్ నంబర్లు, పాస్‌వర్డులు, కార్డు వివరాలు కూడా అందులో ఉండొచ్చు. డంప్‌ని ఈమెయిల్‌లో పంపడం, అందరూ చూసే ఫోల్డర్‌లో పెట్టడం చేయకూడదు. పని అయ్యాక చెరిపేయాలి.

రెండో జాగ్రత్త పనిముట్టు ఎంపికలో. బొమ్మలతో, గ్రాఫులతో చూపే మెమరీ ప్రొఫైలర్లలో చాలావాటికి ఒక అలవాటు ఉంది. స్నాప్‌షాట్ తీసే ముందు తామే ఒక పూర్తి కలెక్షన్ జరిపిస్తాయి. డాట్‌నెట్-జీసీడంప్ అయితే కలెక్షన్ జరిపించే లెక్క తీస్తుంది. జావాలో జేమ్యాప్‌ని "లైవ్" అని అడిగినా అంతే. మామూలు లీకులు వెతకడానికి ఇది మంచిదే, ఎందుకంటే నిజంగా బతికున్నవే మిగులుతాయి. మన సమస్యకి మాత్రం అది ఆధారాల్ని కదిపేసినట్టే. కలెక్టర్ చూడని చెత్త అప్పటికప్పుడు వరసలోకి చేరుతుంది. మనం చూసేది ఇందాకటి స్థితి కాదు. అందుకే ఈ పనికి కలెక్షన్ జరిపించని పూర్తి డంప్ కావాలి.

ఒక స్టూడియో ప్రోగ్రామ్ డంప్

ఒక ఫొటో స్టూడియో వాడే ప్రోగ్రామ్ అనుకుందాం. పెళ్లి ఫొటోలు తెరిచి ఆల్బమ్ పేజీలుగా అమర్చుతుంది. మధ్యమధ్యలో బిల్లు వివరాలు ఎక్సెల్ షీట్‌లో నింపుతుంది. మధ్యాహ్నానికి మెమరీ 6 జీబీ దాటింది. కింద చెప్పే అంకెలు వివరణ కోసం వేసుకున్నవే. వరస మాత్రం నిజమైన డంపుల్లో కనిపించేదే.

ముందు డంప్‌హీప్ ఆదేశంతో రకాలవారీ లెక్క చూస్తాం. డాట్‌నెట్ ఆబ్జెక్టులన్నీ కలిపి 200 ఎంబీ కూడా లేవు. మిగతా మెమరీ కలెక్టర్ పరిధి బయట ఉందన్నమాట. ఫైనలైజర్ల వైపు అనుమానం మళ్లాల్సింది ఇక్కడే.

తర్వాత ఫైనలైజ్‌క్యూ ఆదేశం. జవాబులో ముందు జనరేషన్లవారీ అంకెలు వస్తాయి: 0లో 14, 1లో 9, 2లో 410. ఆ కింద "ఫైనలైజేషన్‌కి సిద్ధం" అనే వరసలో 96. ఆపైన రకాలవారీ పట్టిక.

చాలామంది తడబడేది ఈ అంకెల దగ్గరే. 0, 1, 2ల పక్కనున్న అంకెలు మొదటి జాబితావి. ఫైనలైజర్ ఉన్న ప్రతి ఆబ్జెక్టూ, హాయిగా వాడుకలో ఉన్నది కూడా, అక్కడ కనిపిస్తుంది. ఆ 410ని చూసి "నాలుగొందలు ఇరుక్కున్నాయి" అనుకుంటే రోజంతా తప్పు దారిలో పోతాం. ఏ ప్రోగ్రామ్‌లోనైనా కొన్ని వందలుండటం మామూలే. రెండో జాబితాలో నిజంగా నిలబడి ఉన్నవి "సిద్ధం" అన్న వరసలోనివి మాత్రమే. ఆరోగ్యంగా ఉన్న ప్రోగ్రామ్‌లో అది ఎక్కువసార్లు సున్నా, లేదా దానికి దగ్గర. 96 అంటే ఆగి చూడాలి.

ఆ 410లో ఎన్ని వాడుకలో ఉన్నాయి, ఎన్నిటిని వదిలేశారు? ఇదే ఆదేశానికి "ఆల్‌రెడీ" అన్న ఎంపిక జోడిస్తే, కలెక్టర్ ఇప్పటికే గుర్తించినవే కాకుండా, ఇప్పుడు వస్తే గుర్తించబోయేవి కూడా చూపిస్తుంది. బాక్సులో చెప్పిన రెండో స్థితిని చూసే దారి ఇదే. సిద్ధంగా ఉన్నవి సున్నాగా ఉండి, ఈ ఎంపికతో వందలు బయటపడితే జబ్బు వేరు. వరస ఆగలేదు, కలెక్టరే 2వ జనరేషన్ వైపు రావడం లేదు. పిక్సెళ్ల బరువు దానికి తెలియకపోవడమే దానికి కారణం కావచ్చు.

మన డంప్‌లో 96 ఉన్నాయి. విడిగా చూస్తే వాటిలో 80 బిట్‌మ్యాపులు. ఒక్కోటి 48 ఎంబీ చొప్పున 3.8 జీబీ లెక్క తేలిపోయింది. వాటిలో ఒకదాని అడ్రస్ తీసుకుని జీసీరూట్ ఆదేశంతో "దీన్ని ఎవరు పట్టుకున్నారు" అని అడిగితే ప్రోగ్రామ్ వైపు నుంచి ఒక్క దారీ కనిపించదు. నిజంగానే ఎవరికీ అక్కర్లేనివి.

బిట్‌మ్యాప్ తరగతిలోనే తప్పుందని తేల్చేసేవాళ్లు ఇక్కడ ఉంటారు. వరసలో ఎక్కువమంది ఉన్నారంటే వాళ్లే అడ్డుపడ్డారని కాదు. వాళ్లు ఇరుక్కున్నవాళ్లు. కౌంటర్ దగ్గర ఏం జరుగుతోందో చూడాలి.

గుమస్తా ఏం చేస్తున్నట్టు?

థ్రెడ్ల జాబితా అడిగితే ఒకదాని పక్కన "ఫైనలైజర్" అని రాసి ఉంటుంది. ఆ థ్రెడ్‌కి మారి, అది ఈ క్షణంలో ఏ ఫంక్షన్‌లో ఉందో, ఎవరి పిలుపు మీద అక్కడికొచ్చిందో చెప్పే స్టాక్‌ని చూస్తాం. పని లేకుండా ఉంటే స్టాక్‌లో "వెయిట్ ఫర్ ఫైనలైజర్ ఈవెంట్" అన్న ఫంక్షన్ కనిపిస్తుంది. వరస ఖాళీగా ఉంది, కబురు కోసం చూస్తోంది అని అర్థం. అదే కనిపిస్తే సంతోషించి వేరే కారణం వెతుక్కోవాలి.

మన డంప్‌లో అది కనిపించదు. స్టాక్‌లో "గెట్ టు ఎస్‌టీఏ" అన్న పేరుంది. విండోస్ ప్రోగ్రాముల్ని డీబగ్ చేసేవాళ్లు ఈ పేరు చూడగానే గుర్తుపడతారు. ఎక్సెల్ లాంటి ప్రోగ్రాములతో మాట్లాడటానికి విండోస్‌లో కామ్ అనే పాత పద్ధతి ఉంది. అందులో కొన్ని ఆబ్జెక్టులకి ఒక కట్టుబాటు ఉంటుంది. ఏ థ్రెడ్ తమని తయారు చేసిందో ఆ థ్రెడ్‌లోనే తమ పనులన్నీ జరగాలి. విడుదల చేయడం కూడా. ఇలాంటి థ్రెడ్‌నే ఎస్‌టీఏ అంటారు. ఫైనలైజర్ థ్రెడ్ అలాంటి ఎక్సెల్ ఆబ్జెక్ట్‌ని విడుదల చేయాలంటే దాన్ని పుట్టించిన థ్రెడ్‌కి సందేశం పంపి, జవాబు కోసం ఆగాలి.

ఆ సందేశం అందుకోవాల్సిన థ్రెడ్ స్టాక్ తెరిస్తే గుట్టు బయటపడుతుంది. అది బిల్లు నింపే పని ముగించి, హెడ్డాఫీసు సర్వర్ నుంచి జవాబు కోసం నెట్‌వర్క్ మీద ఎదురుచూస్తోంది. సందేశాలు చూసుకునే స్థితిలో లేదు. సర్వర్ పలకదు, ఆ థ్రెడ్ కదలదు, ఫైనలైజర్ కదలదు, ఫొటోలు కదలవు. బిల్లుకీ ఫొటోకీ ప్రోగ్రామ్‌లో ఎక్కడా సంబంధమే లేదు. రెండూ కలిసింది ఆ కౌంటర్ దగ్గర మాత్రమే. డంప్ చూడకుండా ప్రోగ్రామ్ పాఠాన్ని ఎన్నిసార్లు చదివినా ఈ సంబంధం దొరకదని గట్టిగా చెప్పగలను. టాస్క్ మేనేజర్‌లో ఎక్సెల్ ఎంతకీ పోకుండా ఉండిపోవడానికి తరచూ కనిపించే కారణాల్లో కూడా ఇలా విడుదల కాని ఆబ్జెక్టులే ఉంటాయి.

ఒక్క డంప్‌తో తీర్పు ఇవ్వకూడదు. ఫైనలైజర్ థ్రెడ్ ఆ క్షణంలో మామూలుగానే ఒక పనిలో ఉండి ఉండొచ్చు. పది నిమిషాల తర్వాత రెండో డంప్ తీస్తే, థ్రెడ్ అదే ఫంక్షన్‌లో ఉండి, సిద్ధంగా ఉన్నవి 96 నుంచి 131కి పెరిగి ఉంటే ఇక సందేహం అక్కర్లేదు. థ్రెడ్ వేర్వేరు చోట్ల కనిపిస్తూ అంకె మాత్రం పెరుగుతుంటే అది ఇరుక్కోలేదు, వేగం చాలడం లేదు. ఫైనలైజర్ లోపల డేటాబేస్‌లో రాయడం, నెట్‌వర్క్ మీద కబురంపడం వంటి నిదానమైన పనులు పెట్టినప్పుడు ఇలా అవుతుంది.

[బాక్స్] జావాలో, ఫోన్‌లో

జావాలో ఈ ఆఖరి పని ఫైనలైజ్ అనే మెథడ్‌లో ఉంటుంది. అది ఉన్న ప్రతి ఆబ్జెక్ట్‌కీ తోడుగా ఫైనలైజర్ అనే చిన్న ఆబ్జెక్ట్ ఒకటి పుడుతుంది. డంప్‌లో ఆ పేరుతో లక్షల ఆబ్జెక్టులు కనిపిస్తే వరస పేరుకుపోయిందని అనుమానించాలి. ఎక్లిప్స్ మెమరీ అనలైజర్‌లో ఫైనలైజర్ల వరసనీ, ఆ థ్రెడ్‌నీ, ప్రస్తుతం దాని చేతిలో ఉన్న ఆబ్జెక్ట్‌నీ చూపే ప్రత్యేక నివేదిక ఉంది. ఫైనలైజ్‌ని వాడొద్దని జావా 9 (2017) సూచించింది. దాన్ని పూర్తిగా తొలగించబోతున్నామని జావా 18 (2022) ప్రకటించింది. అసలు ఫైనలైజేషన్ లేకుండా ప్రోగ్రామ్‌ని నడిపి చూసుకునే వీలు కూడా ఆ సంచికలోనే వచ్చింది.

ఆండ్రాయిడ్ ఇంకా కఠినం. ఏ ఆబ్జెక్ట్ ఆఖరి పనైనా నిర్ణీత సమయం దాటితే, కనిపెట్టుకుని ఉండే ఇంకో థ్రెడ్ ఆ యాప్‌ని కూల్చేస్తుంది. ఆ సమయం మామూలుగా 10 సెకన్లు. కొన్ని కంపెనీల ఫోన్లలో ఎక్కువ. యాప్ వాడుతుండగా ఉన్నట్టుండి మూతపడటానికి ఇదీ ఒక కారణమే.

కౌంటర్ దాకా పంపకుండా

మందు రెండు చోట్ల వేయాలి. ఎక్సెల్ ఆబ్జెక్టుల్ని పుట్టించిన థ్రెడ్‌లోనే, నెట్‌వర్క్ మీద ఎదురుచూపు మొదలుపెట్టక ముందే, ప్రోగ్రామ్ స్వయంగా విడుదల చేయాలి. దాంతో అడ్డు తొలుగుతుంది. ఫొటో తెరిచిన చోటే, పేజీలో అమర్చడం అయిన వెంటనే దాన్ని మూయాలి. సీ షార్ప్‌లో "యూజింగ్" అన్న మాటతో, జావాలో 2011 నుంచి ఉన్న ట్రై-విత్-రిసోర్సెస్‌తో ఇది ఒక్క వరసలో అయ్యే పని. డాట్‌నెట్‌లో అలా మూసినప్పుడు ఆ ఆబ్జెక్ట్ "నాకు ఫైనలైజర్ అక్కర్లేదు" అని కలెక్టర్‌కి గుర్తు పెడుతుంది. పుస్తకాలన్నీ తానే అప్పజెప్పిన విద్యార్థి కౌంటర్ దగ్గర నిలబడనక్కర్లేదు.

నా అభిప్రాయంలో ఈ రెండోది మొదటిదానికన్నా ముఖ్యం. ఫైనలైజర్ ఎప్పుడు నడుస్తుందో ఎవరూ చెప్పలేరు. రెండు ఆబ్జెక్టుల్లో ఏది ముందు నడుస్తుందో కూడా చెప్పలేరు. దాని లోపల ఎవరూ పట్టుకోని లోపం తలెత్తితే 2005లో వచ్చిన డాట్‌నెట్ 2.0 నుంచి ప్రోగ్రామ్ మొత్తం కూలుతుంది. జావాలో అయితే ఆ లోపం చప్పుడు లేకుండా మాయమవుతుంది, అది మరీ ప్రమాదం. కొత్త డాట్‌నెట్‌లో ప్రోగ్రామ్ ముగిసేటప్పుడు మిగిలిన ఫైనలైజర్లు అసలు నడవవు. ఇన్ని అనిశ్చితాలున్న చోట డబ్బు లెక్కల్లాంటి, ఫైలులో రాయాల్సిన ఆఖరి వరసల్లాంటి పనులు పెట్టడం సరికాదు. మర్చిపోయిన సందర్భానికి ఆసరాగా మాత్రమే దాన్ని ఉంచాలి.

మార్పులు చేశాక మళ్లీ డంప్ తీసి చూడాలి. అప్పుడు ఒక విషయం కంగారు పెట్టొచ్చు. బిట్‌మ్యాపుల పేర్లు ఫైనలైజ్‌క్యూ పట్టికలో ఇంకా కనిపిస్తాయి. ఫైనలైజర్ అక్కర్లేదన్న గుర్తు ఆబ్జెక్ట్ మీద పడుతుంది తప్ప, పేరు మొదటి జాబితా నుంచి అప్పటికప్పుడు పోదు. కలెక్టర్ వచ్చి ఆ ఆబ్జెక్ట్ చెత్త అని తేల్చినప్పుడు ఆ గుర్తు చూసి, రెండో జాబితాకి మార్చకుండా నేరుగా తీసేస్తుంది. వాటి పిక్సెళ్లు మూసిన క్షణంలోనే ఆపరేటింగ్ సిస్టమ్‌కి వెళ్లిపోయాయి, మిగిలింది కొన్ని పదుల బైట్ల చొప్పున పెంకులే. కాబట్టి పట్టికలోని పేర్లని వదిలేసి "సిద్ధం" వరసలో సున్నా ఉందో లేదో, ఫైనలైజర్ థ్రెడ్ స్టాక్‌లో ఎదురుచూపు ఫంక్షన్ కనిపిస్తోందో లేదో, టాస్క్ మేనేజర్‌లో మొత్తం మెమరీ సాయంత్రానికి కూడా పొద్దుటి అంకె చుట్టుపక్కలే ఉందో లేదో, ఈ మూడూ చూస్తే చాలు.